అడిగారు కనుక చెప్పాను

వెయ్యి అబద్ధాలాడైనా ఒక పెళ్ళి చెయ్యమన్నారు పెద్దలు. నేను ఒక్క నిజం చెప్పి ఒక పెళ్ళి చెడగొట్టాను. ఏడేళ్ళ కిందటి మాట. అడిగారు కనుక చెప్పాను, ఇందులో నా తప్పేముంది అని ఇన్నేళ్ళూ నాకు నేనే సర్దిచెప్పుకుంటూ వచ్చాను. చెడింది ఆ పెళ్ళి ఒక్కటే అనుకున్నంత కాలం ఆ మాట బాగానే పనిచేసింది.

మొన్న ఫిబ్రవరిలో మా ఆయన భాస్కర్ రిటైరయ్యారు. ఆ సందర్భానికి మా అమ్మాయి నైనిక మమ్మల్ని హవాయి పంపించింది. అగ్నిపర్వతాలున్న పెద్ద దీవిలో వారం రోజులు, హిలో ఊళ్ళో హోటలు, మూడో రోజు సముద్రం ఒడ్డున గడ్డకట్టిన లావా మీద గైడుతో నాలుగు మైళ్ళ నడక. అన్నీ తనే బుక్ చేసి, గంటగంటకీ ఏం చెయ్యాలో ఒక షీటులో రాసి పంపింది. మేం ఉండే క్యారీ ఊళ్ళో మా కాలనీ చుట్టూ రోజూ రెండు మైళ్ళు నడిచేదాన్ని కాబట్టి నాకు బెంగ లేదు. మా ఆయనకే మోకాళ్ళు.

"రాళ్ళు చూడ్డానికి ఇంత దూరం దేనికే వేణీ? మన ప్రకాశం జిల్లాలో లేవా రాళ్ళు?" అని విమానం ఎక్కినప్పట్నించీ సణుగుతూనే ఉన్నారు.

షీటులో గైడు పేరు శామ్ అని ఉంది. ఎవరో ఆరడుగుల తెల్లబ్బాయి వస్తాడనుకున్నాను. పొద్దున్న ఏడింటికి హోటలు ముందు వ్యాను ఆగింది. అందులోంచి ఎండకి కమిలిన మొహంతో, పెద్ద టోపీతో ఒక అమ్మాయి దిగింది. చేతిలో కాగితం చూసి నా పేరు సగం చదివి ఆగిపోయింది. తల ఎత్తి నన్ను చూసింది.

"ఆంటీ?"

సంహిత. మిషిగన్‌లో ఫార్మింగ్టన్ హిల్స్‌లో ఉన్నప్పుడు మా వీధి చివరింటి ఈశ్వరయ్య గారి అమ్మాయి. ఆదివారాలు మా బేస్‌మెంట్‌లో పిల్లలకి తెలుగు చెప్పేదాన్ని. ఏడేళ్ళ వయసు నుంచి పదిహేనేళ్ళు వచ్చేదాకా ఒక్క ఆదివారం మానని పిల్ల అదొక్కతే. నేను పాడు చేసిన పెళ్ళి దానిదే.

ముందు సంతోషమే కలిగింది, దాచుకోవడం దేనికి. పరిగెత్తుకొచ్చి వాటేసుకుంది. దాని భుజం మీద తల ఆనించాక నేను చేసింది గుర్తొచ్చింది. మా ఆయన వైపు చూశాను. ఆయన వ్యాను టైర్లు చూస్తున్నారు.

"మీరు వెయిట్ తగ్గారు ఆంటీ. అంకుల్, మీరు అస్సలు చేంజ్ అవలేదు. నేను ఇక్కడ గైడ్. ఫోర్ ఇయర్స్ అయింది. అమ్మ కూడా నా దగ్గరే ఉంటుంది ఇప్పుడు. నాన్న పోయాడు కదా, తర్వాత వచ్చేసింది."

"తెలిసిందమ్మా" అన్నాను. రెండేళ్ళ కిందట ఈశ్వరయ్య గారు గుండెపోటుతో పోయారని మిషిగన్ వాళ్ళ వాట్సాప్ గ్రూపులో వచ్చింది. ఓం శాంతి అని పెట్టి, దండం బొమ్మలు మూడు పెట్టాను. ఆయన భార్య శ్రీవిద్యకి ఫోను చెయ్యలేదు. రేపు చేద్దాం, ఎల్లుండి చేద్దాం అనుకుంటూ వారం గడిచాక, ఇప్పుడు చేస్తే బాగుండదు అనుకుని ఊరుకున్నాను.

"డిన్నర్‌కి మా ఇంటికి రావాలి. నో చెప్పకూడదు. సెవెన్‌కి. అమ్మ రోజూ అంటుంది మీ గురించి" అంటూనే వాళ్ళమ్మకి మెసేజ్ పెట్టేసింది, ఇంటి లొకేషను నా ఫోనుకి పంపించేసింది. కాదనడానికి నాకు సందే ఇవ్వలేదు.

మాతో పాటు ఇంకో నలుగురు ఉన్నారు. ఒరెగాన్ నుంచి వచ్చిన రిటైర్డ్ టీచర్ల జంట, సెలవు పెట్టి వచ్చిన ఇద్దరు నర్సులు. ఈవిడే నాకు అంకెలు నేర్పింది అని సంహిత వాళ్ళకి ఇంగ్లీషులో నన్ను పరిచయం చేసి, ఒక్కో తల మీదా వేలు చూపిస్తూ లెక్కపెట్టింది. "ఒకటి, రెండు, మూడు, నాలుగు, అయిదు, ఆరు." నేను నాలుగు, మా ఆయన అయిదు. ఒరెగాన్ పెద్దాయన సరదాపడి "ఆరు, ఆరు" అని దారి పొడుగునా అంటూనే ఉన్నాడు.

గంటసేపు ప్రయాణం చేశాక రోడ్డు అయిపోయింది. నిజంగానే అయిపోయింది. నడి రోడ్డు మీదికి లావా వచ్చి పడి గడ్డకట్టింది, అక్కడితో సరి. ఒకప్పుడు దాని అవతల ఊరుండేదట. దిగగానే సంహిత అందరికీ తోలు గ్లౌజులు ఇచ్చింది. పడితే చేతులే ముందు ఆనుతాయి, ఈ రాయి గాజుతో సమానం, చర్మం మిగలదు అని చెప్పింది. తర్వాత తన పద్ధతి చెప్పింది. పైన గట్టిగా కనిపించే చోట కింద డొల్ల ఉండొచ్చు. తను ముందు కర్రతో కొట్టి చూస్తుంది, చప్పుడు విని అడుగు వేస్తుంది. తను కాలు పెట్టిన చోటే మేం కాలు పెట్టాలి.

"ఆంటీ, మీరు నా వెనకే రండి" అంది.

కాలు జారితే తీసుకోవచ్చు, నోరు జారితే తీసుకోలేం అని మా అమ్మ అంటుండేది. ఆ మాట ఆ పూట నాకు ఎన్నిసార్లు గుర్తొచ్చిందో చెప్పలేను. నేల అంతా నలుపు. పాల మీద మీగడ ముడతలు పడ్డట్టు మైళ్ళ తరబడి నల్లటి ముడతలు. ఎడమ పక్క సముద్రం కనపడదు, హోరు మాత్రం వినపడుతూంటుంది. సంహిత కర్ర టకటకమంటూ ముందు పోతోంది. దాని కాలు లేచిన చోట నా కాలు పెడుతూ, నేను పాతవన్నీ తవ్వుకుంటూ నడిచాను.

దానికి పందొమ్మిదేళ్ళప్పుడు, కాలేజీ రెండో సంవత్సరంలో, ఏమైందో ఏమో, చదువు వదిలేసి ఇంటికొచ్చి పడుకుంది. మంచం దిగదు, తిండి తినదు, స్నానం లేదు. డిప్రెషన్ అన్నారు డాక్టర్లు. ఈశ్వరయ్య గారు ఒక సాయంత్రం మా ఇంటికొచ్చి, కుర్చీ అంచున కూర్చుని, "అది మీ మాట వింటుందండీ. ఒక్కసారి రండి" అన్నారు. ఒక్కసారి కాదు, రెండు నెలలు వెళ్ళాను. చారన్నం కలిపి ముద్దలు చేసి పెట్టేదాన్ని. తినకపోతే పక్కనే కూర్చుని నా చిన్నప్పటి కబుర్లు చెప్పేదాన్ని. నెమ్మదిగా కోలుకుంది. మళ్ళీ కాలేజీకి వెళ్ళింది, చదువు పూర్తి చేసింది. ఈ సంగతి వాళ్ళ ముగ్గురికీ, మా ఇద్దరికీ తప్ప ఆరోవాళ్ళకి తెలియదు. బయటికి వెళ్తే పెళ్ళికి అడ్డమని శ్రీవిద్య నా చేత ఒట్టు కూడా వేయించుకుంది.

ఇరవై ఆరో ఏట దానికి సంబంధం వచ్చింది. అబ్బాయి హర్షవర్ధన్, వాళ్ళు జార్జియాలో కమ్మింగ్‌లో ఉండేవాళ్ళు. ఇద్దరూ ఐదు నెలలు ఫోన్లలో మాట్లాడుకున్నారు, రెండుసార్లు కలుసుకున్నారు, ఇష్టపడ్డారు. తాంబూలాలకి రోజు చూస్తున్నారు. మన వాళ్ళలో దానికి ముందు ఒక తంతు ఉంటుంది కదా. ఆ ఇంటిని ఎరిగిన వాళ్ళెవరినో పట్టుకుని, గుట్టుగా ఫోను చేసి, పిల్ల ఎలాంటిది అని వాకబు చెయ్యడం. అబ్బాయి తల్లి మీనా గారు ఎవరి దగ్గరో నా నంబరు సంపాదించి చేశారు.

శనివారం పదకొండు గంటలు. బెండకాయలు తరుగుతున్నాను, ఫోను స్పీకర్‌లో ఉంది, మా ఆయన పక్కనే పేపరు చదువుతున్నారు. పిల్ల బంగారమండీ అన్నాను, కళ్ళు మూసుకుని చేసుకోండి అన్నాను. అక్కడితో ఆగితే బాగుండేది. నాకు ఆగడం ఎప్పుడు తెలిసింది కనుక. "ఇప్పుడు చాలా హుషారుగా ఉంది" అన్నాను.

"ఇప్పుడు అంటే? ముందు బాగుండేది కాదా?" అన్నారు మీనా గారు.

ఏమీ లేదండీ అని దాటవేశాను. ఆవిడ వదల్లేదు. నాకూ ఆడపిల్ల ఉంది, మీకూ ఆడపిల్ల ఉంది, తల్లిగా అడుగుతున్నాను అన్నారు. నేను మా ఆయన వైపు చూశాను. ఆయన పేపరు దించి, నెమ్మదిగా, "చెప్పెయ్. రేపు తెలిస్తే మన మీదికొస్తుంది" అన్నారు. చెప్పేశాను. మంచిగానే చెప్పాను, ఎంత ధైర్యంగా కోలుకుందో కూడా చెప్పాను. ఆవిడ కోలుకోవడం గురించి ఒక్క ప్రశ్నా వెయ్యలేదు. "మీ పేరు ఎక్కడా రానివ్వను" అని మాత్రం అన్నారు. పది రోజులకి జాతకాలు కుదరలేదని కబురొచ్చింది. మరో నాలుగు నెలలకి మేం క్యారీకి మారిపోయాం.

ఆవిడ నా పేరు రానివ్వలేదు. మాట నిలబెట్టుకుంది. అదే కొంప ముంచిందని నాకు ఆ లావా మీదే తెలిసింది.

మైలున్నర నడిచాక ఒక చోట ఆగాం. ఆ నల్లటి రాతి పగుళ్ళలో వరసగా కొబ్బరి మొక్కలు. కొన్ని మోకాలెత్తు, కొన్ని మనిషిని మించినవి. ఊరు పోయిన తర్వాత ఊరివాళ్ళు వచ్చి, మొలకెత్తిన కొబ్బరికాయలు తెచ్చి, కాస్త మట్టి కూరి పాతి వెళ్ళారట. ఇప్పటికీ పాతుతున్నారట. మిగతావాళ్ళు ఫొటోలు తీసుకుంటుంటే సంహిత నా పక్కన రాయి మీద కూర్చుంది.

"నాన్న ఇక్కడికి రావాలనుకున్నాడు ఆంటీ. షూస్ కూడా కొన్నాడు, హైకింగ్ షూస్. నేనే రావద్దన్నాను. బిజీ సీజన్ అని చెప్పాను. బిజీ ఏం లేదు."

ఎందుకమ్మా అని అడగబోయి ఆగాను. మొదటిసారిగా ఆగాను. అదే చెప్పింది.

"మీకు హర్ష మ్యాటర్ తెలుసు కదా. హొరోస్కోప్ అని చెప్పారు, అది అబద్ధం. హర్ష నాకు కాల్ చేసి చెప్పాడు. మా అమ్మకి అంతా తెలిసిపోయింది, ఆ సెమెస్టర్ గురించి, మీ ఇంట్లోవాళ్ళే చెప్పారంట అన్నాడు. ఇంట్లోవాళ్ళు అంటే ఎవరు? అమ్మ చెప్పదు. నాన్న ఫస్ట్ నుంచి అంటూనే ఉన్నాడు, దాచకూడదు, చెప్పేద్దాం అని. దాని మీద మాకు పెద్ద ఫైట్ అయింది. సో, నాన్నే."

"ఆయన ఏమన్నారు?"

"నేను చెప్పలేదు అన్నాడు. మరి ఎవరు అని అడిగాను. చాలాసేపు ఏం మాట్లాడలేదు. నన్ను చూడలేదు కూడా. తర్వాత తెలియదు అన్నాడు. అలా అంటే ఎవరు నమ్ముతారు? అమ్మ కూడా నమ్మలేదు. నేను ఇక్కడికి వచ్చేశాక రోజూ కాల్ చేసేవాడు. నేను ఎత్తేదాన్ని కాదు. ఆన్ ఎ హైక్ అని టెక్స్ట్ పెట్టేదాన్ని. లాస్ట్ డే కూడా అదే పెట్టాను." గ్లౌజు తీసి చేత్తో ఆకు మీద ధూళి తుడిచింది. "ఆ షూస్ అమ్మ ఇక్కడికి తెచ్చింది. ఇంకా బాక్స్‌లోనే ఉన్నాయి. ఇప్పుడు నేను ఫర్గివ్ చేశాను ఆంటీ నాన్నని. ట్రై చేస్తున్నాను."

నాన్న అన్నాడు కాదు, అన్నారు అనాలి అని బేస్‌మెంట్‌లో దాన్ని వందసార్లు దిద్ది ఉంటాను. ఆ రాయి మీద మాత్రం ఏదీ దిద్దలేదు.

అది లేచి కర్ర తీసుకుంది. నేను దాని వెనకే నడిచాను. కానీ అడుగులు కుదరడం లేదు. ఈశ్వరయ్య గారు చాలాసేపు మాట్లాడలేదంటే, లెక్క వేసుకున్నారన్నమాట. తెలిసినవాళ్ళు ఐదుగురు. కూతురు కాదు, భార్య కాదు, తను కాదు. మిగిలింది మా ఇల్లే. దానికి పెద్ద తెలివి అక్కర్లేదు.

నాకు మేం ఇల్లు ఖాళీ చేసిన రోజు గుర్తొచ్చింది. ట్రక్కులోకి సామాను ఎక్కించడానికి ఆయన పొద్దున్నే వచ్చారు. మా ఆయనతో కలిసి సోఫా మోశారు. అంతా అయ్యాక వాకిట్లో నా ముందు నిలబడి, "మా అమ్మాయికి మీరు పెట్టిన అన్నం నేను మర్చిపోనండీ. అదే గుర్తుంచుకుంటాను" అన్నారు. నేను పొంగిపోయాను. ఎంత మంచి మనిషో అని దారంతా మా ఆయనతో చెప్పుకొచ్చాను. అదే గుర్తుంచుకుంటాను అన్న మాటకి, రెండోది మర్చిపోతాను అని అర్థమని నాకు ఏడేళ్ళ తర్వాత, ఆ రాళ్ళ మధ్య తెలిసింది. నా పేరు చెప్పి ఉంటే ఆయన కూతురు ఆయనకి దక్కేది. ఒక్క మాట. ఆ మాట నాలాగా జారనివ్వలేదు ఆయన.

సముద్రం దగ్గర తిండికి ఆగాం. అంచుకి ముప్పై అడుగుల ఇవతల సంహిత కర్రతో అడ్డగీత చూపించి, ఇది దాటొద్దు, దీని కింద అలలు తొలిచేశాయి, ఎప్పుడు విరిగి పడుతుందో ఎవరికీ తెలియదు అని చెప్పింది. అందరూ శాండ్‌విచ్‌లు విప్పుకున్నారు. నేను మా ఆయన్ని పక్కకి పిలిచి అంతా చెప్పాను. ఆయన చాలాసేపు మోకాళ్ళు రుద్దుకున్నారు.

"చెప్పకు వేణీ" అన్నారు చివరికి.

"చెప్పకపోతే ఎలాగండీ?"

"ఆయన పోయాడు, తిరిగి రాడు. ఆ పిల్ల ఎలాగో సర్దుకుంది, క్షమించాను అంటోంది. ఇప్పుడు నువ్వెళ్ళి మీ నాన్న ఏ తప్పూ చెయ్యలేదంటే, ఫోను ఎత్తని ప్రతి రోజూ దానికి గుర్తొస్తుంది. నీ మనసు తేలిక చేసుకోవడానికి ఆ పిల్ల నెత్తిన బరువు పెడతావా?"

ఆయన అన్నదాంట్లో అబద్ధం ఏమీ లేదు. సముద్రం వైపు తిరిగి కూర్చున్నాను. ఒరెగాన్ పెద్దాయన నన్ను చూసి "ఆరు" అని నవ్వాడు. నేనూ నవ్వాను.

కానీ ఒక మాట మింగుడుపడలేదు. చెయ్యని తప్పుకి క్షమించబడుతున్నాడు ఆ మనిషి. చచ్చిపోయి కూడా, కూతురు ట్రై చేస్తేగానీ క్షమాపణ దొరకని స్థితిలో ఉన్నాడు. అక్కడ ఉండాల్సింది నేను. ఆయన ఊరుకున్నాడు కదా అని నేనూ ఊరుకుంటే, ఇది ఆయన చలవ కింద రాదు, నా దొంగతనం కింద వస్తుంది. ఏడేళ్ళ కిందట నోరు మూసుకోవలసిన చోట తెరిచాను. ఇప్పుడు తెరవాల్సిన చోట మూసుకుంటే ఇక ఈ నోరు దేనికి?

లేచి సంహిత దగ్గరికి వెళ్ళాను. అది అందరికీ కాస్త ఎడంగా నిలబడి నీళ్ళు తాగుతోంది.

"సంహితా, మీనా గారికి చెప్పింది మీ నాన్న కాదమ్మా."

సీసా దించి చూసింది.

"నేను చెప్పాను."

గాలికి టోపీ లేస్తుంటే చేత్తో పట్టుకుంది.

"ఆవిడ నాకు ఫోను చేసి అడిగింది. నా పేరు బయటికి రానివ్వనంది. అందుకే మీ ఇంట్లోవాళ్ళు అని చెప్పి ఉంటుంది. నాకు ఇదంతా ఇవాళే తెలిసింది. మీ నాన్న నీతో నిజమే చెప్పారు."

"మీరా" అంది. ఆ తర్వాత, నెమ్మదిగా, "ఎందుకు?" అంది.

"అడిగారు కనుక చెప్పాను" అన్నాను.

ఏడేళ్ళుగా నాకు నేను చెప్పుకున్న మాట అది. బయటికి వచ్చాక, ఆ గాలిలో, ఆ పిల్ల మొహం ముందు, ఎంత చిన్న మాటో తెలిసింది. సిగ్గుతో చచ్చిపోయాను. క్షమించమ్మా అందామనుకున్నాను. ట్రై చేస్తున్నాను అంటుందేమోనని భయం వేసి అనలేదు.

"నాన్నకి తెలుసా?"

"తెలిసే ఉంటుంది." ఇల్లు ఖాళీ చేసిన రోజు ఆయన వాకిట్లో అన్నది, ఉన్నదున్నట్టు చెప్పాను. ఒక్క అక్షరం కలపలేదు, తీసెయ్యలేదు.

సంహిత సముద్రం వైపు నాలుగడుగులు వేసింది. గీత దగ్గర ఆగింది. అటు తిరిగి అలాగే నిలబడింది, ఎంతసేపో నేను చూసుకోలేదు. ఏడుస్తోందో లేదో వెనక నుంచి తెలియలేదు. నర్సులిద్దరూ వచ్చి దూరంగా కనిపించే పొగ ఏమిటని అడిగారు. వెనక్కి తిరిగి, నిమ్మళంగా, అంతా వివరంగా చెప్పింది. కళ్ళు మాత్రం ఎర్రగా ఉన్నాయి.

బయల్దేరే ముందు తలలు లెక్కపెట్టింది. "వన్, టూ, త్రీ, ఫోర్, ఫైవ్, సిక్స్." నా దగ్గర వేలు ఆగలేదు, తొందరపడలేదు, మిగతా తలలకి ఎంతసేపో నా తలకీ అంతే. ఒరెగాన్ పెద్దాయన "ఆరు" అని అందించాడు. సంహిత వినిపించుకోలేదు.

తిరుగు దారిలో నన్ను వెనకే రమ్మనలేదు. నర్సులు దాని వెనక నడిచారు. నేను వాళ్ళ వెనక, మా ఆయన నా వెనక. ఒక చోట నేను దృష్టి తప్పి పక్కకి అడుగేశాను. కాలి కింద పెంకు పటుక్కున విరిగి మడమ దాకా దిగిపోయింది. చేతులు ఆనించి పడ్డాను. సంహిత పరుగున వచ్చింది. నా కాలు పైకి తీసి, అటూ ఇటూ తిప్పి చూసి, నొప్పి ఉందా అని ఇంగ్లీషులో అడిగింది. లేదన్నాను. గ్లౌజులు చూసింది. తోలు చీరుకుపోయింది కానీ చర్మానికి ఏమీ కాలేదు. నా చేతులు రెండూ తన చేతుల్లో పెట్టుకుని ఒక్క క్షణం చూసింది. చారన్నం గుర్తొచ్చిందేమో, లేక గైడు చెయ్యాల్సిన పనే చేసిందేమో నాకు తెలియదు. లేచి మళ్ళీ ముందుకి వెళ్ళిపోయింది.

వ్యాను హోటలు ముందు మమ్మల్ని దింపింది. గ్లౌజులు తిరిగిచ్చాను. తీసుకుని పెట్టెలో వేసింది. "హ్యావ్ ఎ గుడ్ ఈవెనింగ్" అంది, అందరికీ అన్నట్టే. డిన్నరు మాట ఎత్తలేదు. వ్యాను మలుపు తిరిగేదాకా చూశాను.

గదిలోకి వచ్చి మా ఆయన కాళ్ళు చాపుకుని పడుకున్నారు. నేను కిటికీ దగ్గర కూర్చున్నాను. ఏడుపు రాలేదు. వస్తే బాగుండేది. ఈశ్వరయ్య గారి గొంతు గుర్తు తెచ్చుకుందామని చూశాను, సోఫా మోస్తూ "కొంచెం ఎత్తండి భాస్కర్ గారూ" అన్న మాట తప్ప ఏదీ రాలేదు. ఆ గొంతు రోజూ ఫోను చేసిందట. అటు ఎత్తేవాళ్ళు లేక మోగి మోగి ఆగిపోయేదట. ఆ ప్రతి ఫోనూ నా ఖాతాలోకే వస్తుంది, ఎవరికి ఎన్ని చెప్పినా.

ఆరుంబావుకి ఫోను మోగింది. సంహిత మెసేజ్. తెలుగు అక్షరాల్లో టైపు చేసింది, బేస్‌మెంట్‌లో నేను దిద్దించిన అక్షరాల్లో.

"అమ్మకి నేను చెప్పను. మీరు వచ్చి చెప్పాలి. అమ్మ కూడా నాన్నని నమ్మలేదు. ఏడు గంటలకి. అమ్మ వంట చేస్తుంది."

మా ఆయనకి చదివి వినిపించాను. ఆయన లేచి కూర్చున్నారు.

"వెళ్ళాలా వేణీ?" అన్నారు. ఆ గొంతులో వద్దు అనే బలం లేదు.

"లేవండి. స్నానం చెయ్యండి" అన్నాను.

అద్దం ముందు నిలబడి జుట్టు దువ్వుకున్నాను. శ్రీవిద్య ఎలా ఉందో, నన్ను చూసి ముందుగా ఏమంటుందో. వంకాయ కూర చేస్తుందేమో, నాకు ఇష్టమని తనకి తెలుసు. ఆ కూర వడ్డించే మనిషితో, నీ మొగుడు నీతో అబద్ధం ఆడలేదమ్మా, ఆడాడనుకుని నువ్వు ఆయనతో గడిపిన ఐదేళ్ళకి కారణం నేను అని చెప్పాలి. వడ్డించక ముందే చెప్పాలి. తిన్న తర్వాత చెబితే ఇంకో తప్పు అవుతుంది.

హోటలు పక్కనే ఒక కొట్టు ఉంది. పళ్ళు, పువ్వులు, చాక్లెట్లు అన్నీ ఉన్నాయి. ఒకరింటికి ఉత్త చేతులతో వెళ్ళకూడదని లోపలికి వెళ్ళాను. మా ఆయన బయట అద్దె కారులో కూర్చున్నారు. బొప్పాయిలు చూశాను, అనాసపళ్ళు చూశాను, పూల గుత్తి ఒకటి చేతిలోకి తీసుకుని మళ్ళీ పెట్టేశాను. మొగుడు పోయిన మనిషి ఇంటికి రెండేళ్ళు ఆలస్యంగా వెళ్తున్నాను. కొట్టమ్మాయి రెండుసార్లు వచ్చి ఏం కావాలని అడిగింది. ఏడు కావడానికి పది నిమిషాలుందనగా ఏమీ కొనకుండానే వచ్చి కారులో కూర్చున్నాను.